విత్తనంలా దాచమన్న మనిషి

సర్వేశ్వరరావు పదకొండు దేశాలు తిరిగాడు. ఏ దేశంలో ఏ సరుకు మీద ఎంత సుంకమో, ఏ రేవులో ఏ కాగితం లేకపోతే ఓడని ఆపేస్తారో నిద్రలో లేపి అడిగినా చెప్పేవాడు. ఆయన విజిటింగ్ కార్డు మీద పేరు కింద అంతర్జాతీయ వాణిజ్య, పెట్టుబడుల నిపుణుడు అని ఇంగ్లీషులో ఉండేది. మా పనసగెడ్డలో అంత పొడుగు మాట పలికే ఓపిక ఎవరికీ లేదు. దేశాలబాబు అనేవాళ్ళం. ఆయన పుట్టింది మాత్రం అరకులో, సంత వీధిలో. అక్కడి నుంచి మా ఊరు పదకొండు కిలోమీటర్లు. ఆ పదకొండు దేశాల సంగతి నాకు తెలియదు గానీ, ఈ పదకొండు కిలోమీటర్ల చివర ఏముందో ఆయనకి తెలియదని మాత్రం చెప్పగలను.

ఆయన మంచివాడని అరకులో చాలామంది అంటారు. వాళ్ళనే అడగండి, బోలెడు చెబుతారు. నాకు తెలిసింది నేను చెబుతాను.

వాళ్ళ నాన్న అనకాపల్లి వైపు నుంచి ఉప్పు, గుడ్డలు పట్టుకుని కొండెక్కిన మనిషి. చింతపండు, పిప్పళ్ళు, నూనెకి వలిసెలు, అడ్డాకులు తీసుకునేవాడు. మా నాన్న సోంబరు ఏటా కావిడి కట్టుకుని చింతపండు మోసుకెళ్ళేవాడు. సావుకారు బుట్టలో చెయ్యి పెట్టి గుప్పెడు తీసి, ముక్కు దగ్గర పెట్టుకుని, ముఖం చిట్లించి, ఆ గుప్పెడు భుజం మీంచి వెనక్కి విసిరేవాడు. "ముక్కిపోయిందిరా సోంబరూ, తీసుకుపో" అనేవాడు. పదకొండు కిలోమీటర్లు మోసుకొచ్చింది మళ్ళీ మోసుకుపోయే మనిషి ఎవడు? ఇచ్చిందేదో పుచ్చుకుని మా నాన్న తిరిగొచ్చేవాడు. ఆ సావుకారుకి ఇద్దరు కొడుకులు. పెద్దవాడు గోపాలకృష్ణకి కొట్టు దక్కింది. చిన్నవాడు సర్వేశ్వరరావుకి ఆ విసురు దక్కింది. అది ఆయనతో పదకొండు దేశాలూ తిరిగింది.

ఎం.ఏ. అయ్యాక ఢిల్లీలో విదేశీ వ్యాపారం చదువు చదివాడు. తొంభై రెండులో విశాఖలో రొయ్యలు ఎగుమతి చేసే కంపెనీలో చేరాడు. అయిదేళ్ళు బాగా నడిచింది. తొంభై ఏడులో వాళ్ళవి రెండు కంటైనర్లు ఐరోపా రేవులో పెట్టె తెరవగానే ఆగిపోయాయి. మందు వాసన అన్నారు. సరుకు తిరిగొచ్చింది, కంపెనీ మూతపడింది. ఆయన మాత్రం ఆ ముక్క పట్టుకుని నిపుణుడయ్యాడు. "ఒక్క వాసన చాలు, ఓడ వెనక్కి తిరుగుతుంది" అని ప్రతి మీటింగులోనూ చెప్పేవాడు. కొలంబోలో చెప్పాడట, నైరోబీలో చెప్పాడట. మా ఊళ్ళో ఎన్నిసార్లు చెప్పాడో నాకు లెక్క లేదు.

రెండు వేల ఒకటిలో కాఫీ ధర చచ్చిపోయింది. గోపాలకృష్ణ కొట్టులో కాఫీ గింజకి ఎంతిస్తే అంత. అప్పుడే ఒక పట్నం కంపెనీ విదేశీ పెట్టుబడితో ఇటు చూసింది. జర్మనీలో కొనేవాడొకడు కొండ కాఫీ కావాలన్నాడట. సరుకు వెతికి ఒప్పందం కుదర్చడానికి సర్వేశ్వరరావుని పెట్టుకున్నారు. కుదిరితే కంపెనీలో డైరెక్టరు, కుదరకపోతే ఇంటికి. ఈ సంగతి ఆయన జీపు డ్రైవరే మాకు చెప్పాడు.

నేనప్పటికి విశాఖలో డిగ్రీ రెండో ఏడు మధ్యలో వదిలేసి ఊళ్ళో పడి ఉన్నాను. ఇంగ్లీషు కాగితం చదవగలిగేది ఊరు మొత్తానికి నేనొక్కడినే. అందుకని ఇదంతా నా కళ్ళ ముందే జరిగింది.

మొదటిసారి వచ్చినప్పుడు జీపులోంచి ఒక మడతకుర్చీ దించారు, ఒక నీళ్ళ డబ్బా దించారు, తరవాత ఆయన దిగాడు. మా మేనత్త ఈశ్వరమ్మ ముంతలో అంబలి తెచ్చింది. "కడుపుకి పడదమ్మా" అన్నాడు. పోనీ, పడకపోవచ్చు. ఎండగా ఉంది, ఇంట్లోకి రమ్మంది. "ఇక్కడ బానే ఉందిలే" అన్నాడు. కుర్చీ మాత్రం రెండుసార్లు నీడలోకి జరుపుకున్నాడు.

"మీ కాఫీ ఎక్కడికి పోతుందో తెలుసా మీకు?" అని మొదలుపెట్టాడు.

"మీ అన్న కొట్టుకి పోతాది బాబూ" అంది అత్త.

అందరూ నవ్వారు. ఆయన నవ్వలేదు.

"అక్కడి నుంచి?"

"ఆ ముక్క మీ అన్నని అడుగు. మాకేటి తెల్సు, మమ్మల్ని మీ అరుగు కూడా ఎక్కనివ్వడు గదా."

అత్త అంత సూటిగా మాట్లాడుతుంది. మొగుడు పోయాక ఎకరన్నర కాఫీ తోట ఒక్కతే చేసుకుంది. ఊళ్ళో నలభై మూడు గడపలు. ఆవిడ మాట ఊరి పెద్ద సోములు కూడా దాటడు. దేశాలబాబు ఆ రోజు చెప్పినదాంట్లో ఆవిడకి ఒక్క ముక్క నచ్చింది. జర్మనీ వాడికి సరుకు నచ్చితే అయిదేళ్ళు నేరుగా కొంటాడు, ప్రతి గోనె మీదా పనసగెడ్డ అని పేరు కుడతారు. గోపాలకృష్ణ కొట్టు మొహం చూడక్కర్లేదు.

ఆ ఒక్క ముక్క కోసం అత్త ఏడాదిన్నర ఇల్లిల్లూ తిరిగింది. పచ్చికాయ కోయనివ్వలేదు. పండు మాత్రమే కోయించింది. తొక్క తీయించింది, కడిగించింది, తడికెల మీద ఎండబెట్టించింది. అంతకుముందు మేము కొమ్మ దూసేసి నేల మీద ఎండేసేవాళ్ళం. అదంతా దేశాలబాబు నేర్పించాడు, కాదనను. అందరికన్నా కష్టమైన పని వేరే ఉంది. ఆ ఏడు ఒక్క గింజ కూడా గోపాలకృష్ణకి అమ్మవద్దని అత్త అందరి చేతా ఒట్టు వేయించింది. ఏడాదంతా కాఫీ చేతిలో పెట్టుకుని ఉప్పుకి వెతుక్కున్న ఇళ్ళున్నాయి.

"ఇది పోతే నన్ను కొట్టండర్రా" అనేది అత్త. "ఇది పోతే మళ్ళీ ఆ కొట్టుకే దిగాల. నాను దిగను. మీరూ దిగొద్దు."

రెండు వేల మూడు జనవరిలో మొదటి శాంపిల్ వెళ్ళింది. జవాబు ఫాక్సులో వచ్చింది. ఆయనే తెచ్చి కుర్చీలో కూర్చుని చదివాడు. శుభ్రమైన సరుకు. రుచిలో తేనె, నిమ్మతొక్క.

"తేనె ఎవులు పోసారర్రా?" అన్నాడు సోములు.

"నీ పెళ్ళాం పోసుంటాది, నీకే పొయ్యదు గాని" అంది వెనక నుంచి ఎవరో ముసలిది.

ఆ రోజు ఊరంతా నవ్వింది. దేశాలబాబు కూడా పెదవి కదిపాడు. అరవై బస్తాలూ ఈ శాంపిల్ లాగే ఉంటే ఒప్పందం మీద సంతకం అన్నాడు. ఏప్రిల్లో మళ్ళీ శాంపిల్ తీస్తారు, అది చూసి ఓడకెక్కిస్తారు. సరుకు వెంటనే అరకులో కంపెనీ గోడౌనుకి తెస్తామన్నాడు. కానీ గోడౌనుకి కప్పు పడలేదు. ఆ పని ఆయనదే. పదకొండు దేశాల్లో గోడౌన్లు ఎలా ఉండాలో పుస్తకం రాయగలడు, అరకులో ఒకదానికి రేకులు వేయించలేకపోయాడు.

"రెండు నెలలు మీ ఇళ్ళల్లోనే ఉంచండి" అన్నాడు.

"ఎలాగుంచాల బాబూ?" అని అడిగింది అత్త. అడిగింది, నేను విన్నాను. ఇది గుర్తు పెట్టుకోండి.

ఆయన అప్పటికే జీపులో ఒక కాలు పెట్టాడు. గడియారం చూసుకున్నాడు. "మీకు నేను చెప్పాలా అమ్మా? విత్తనంలా దాచండి. మీరు విత్తనం ఎంత జాగ్రత్తగా దాస్తారో అలా" అన్నాడు.

ఆ మాట ఊరికి ఎంత నచ్చిందో చెప్పలేను. కొట్టులో ముఖం చిట్లించి భుజం మీంచి విసిరిన సరుకుని ఒక సావుకారు కొడుకు విత్తనంతో పోల్చాడు. సోములు ఆ సాయంత్రమంతా అదే మాట తిప్పి తిప్పి అన్నాడు.

ఇక విత్తనం మేము ఎలా దాస్తామో చెబుతాను. పొయ్యి మీద వెదురు అటక ఉంటుంది. సోళ్ళు, సామలు ఆనపబుర్రల్లో పోసి మూతి బిగించి ఆ అటక మీద పెడతాం. మొక్కజొన్న కంకులు జడలల్లి దూలానికి వేలాడదీస్తాం. కింద పొయ్యి రాత్రింబవళ్ళు రాజుతూనే ఉంటుంది. పొగ పట్టిన విత్తనం పురుగు పట్టదు. ఇంట్లో ఎవరైనా చస్తే తప్ప ఆ పొయ్యి ఆర్పం. తిండిగింజ ఎక్కడన్నా పడేస్తాం గానీ విత్తనం మాత్రం అటక మీదే. మాకు అంతకన్నా పెద్ద చోటు లేదు.

నలభై మూడు ఇళ్ళల్లో అరవై బస్తాల కాఫీ అటకెక్కింది. కొన్ని ఇళ్ళల్లో కిందికి దిగిన విత్తనాల బుర్రలు మంచం కింద సర్దుకున్నాయి. అత్త ఇంకా ఒక అడుగు ముందుకేసింది. పొగ సరిపోదేమోనని పచ్చి కర్ర తెప్పించి పొయ్యిలో పెట్టించింది. ఆ రెండు నెలలూ మా ఊరి కప్పుల మీద పొగ చూసి, పక్క ఊరి వాళ్ళు పెళ్ళిళ్ళా అని అడిగారు.

ఏప్రిల్లో కంపెనీ మనుషులొచ్చి, మేము అరుగుల మీదికి దించిన బస్తాలు తూచి, శాంపిల్ తీసుకుని, సరుకు ఊళ్ళోనే ఉంచి సీలు వేసి పోయారు. ముట్టుకోవద్దన్నారు. నెల తిరక్కుండా జీపొచ్చింది. ఈసారి కుర్చీ దించలేదు. దేశాలబాబు ఫాక్సు కాగితం గాల్లో ఊపుకుంటూ దిగాడు.

"పొగ! మొత్తం పొగ వాసన! అరవై బస్తాలూ వద్దన్నారు. మీకు ఎన్నిసార్లు చెప్పాను? ఒక్క వాసన చాలు, ఓడ వెనక్కి తిరుగుతుంది అని చెప్పానా లేదా?"

వాసన అంటే చెడిపోయిన వాసన అనుకున్నాం. పొగ కూడా ఒక వాసనేనని మాకేం తెలుసు? మా ఒళ్ళే పొగ వాసన.

"వంట చేసే పొయ్యి పక్కన పెట్టారా? అంత బుద్ధి లేదా మీకు?"

"పక్కనెందుకెడతాం బాబూ" అన్నాడు సోములు, తప్పు చేయలేదని చెప్పే ధీమాతో. "పైనెట్టాం."

ఆయన తల ఎత్తి మా కప్పుల వంక చూశాడు. తరవాత తిట్టాడు. ఏం తిట్టాడో రాయను, ఆయన పిల్లలు చదవొచ్చు. అడవి మనుషులు అన్నది అందులో మెత్తని మాట. ఒక బస్తా కుట్టు పీకి గుప్పెడు గింజలు తీసి, ముక్కు దగ్గర పెట్టుకుని, భుజం మీంచి విసిరాడు. అవి వెళ్ళి అరుగు మీదున్న మా నాన్న కాళ్ళ దగ్గర పడ్డాయి. మా నాన్న వాటిని ఒక్కొక్కటిగా ఏరి దోసిట్లో పెట్టుకున్నాడు. అప్పుడు నేను దేశాలబాబు మీదికి వెళ్ళాను. సోములు నడుం పట్టుకుని ఆపేశాడు.

అత్త ఒక్కతే మామూలుగా ఉంది.

"నువ్వేటన్నావు బాబూ? విత్తనం లాగ దాసండన్నావా లేదా?"

"అన్నాను. దానర్థం పొగలో పెట్టమనా?"

"ఇత్తనం ఎక్కడుంటాదో సూద్దువు గాని, రా."

ఆయన కదల్లేదు. అత్త ఆయన మణికట్టు పట్టుకుంది. మా ఆడవాళ్ళు పైవాళ్ళ చెయ్యి పట్టుకోరు, ఆవిడ పట్టుకుంది. "తల వంచు బాబూ, దూలం తగుల్తాది" అని లోపలికి తీసుకుపోయింది. పుట్టి నలభై అయిదేళ్ళకి ఆయన కొండవాళ్ళ ఇంటి గడప దాటడం అదే మొదలు. గుమ్మం దగ్గర నుంచి మేమంతా చూస్తూ ఉన్నాం. లోపల చీకటి. అటక కింది వైపు నల్లగా, మెరుస్తూ, వందేళ్ళ మసి. అత్త పైకి చూపించి ఒక్కొక్కటీ చెప్పింది. ఇవి సోళ్ళు, నా మొగుడి తల్లి ఇచ్చిన ఇత్తనం. ఇవి సామలు. ఇది నీ కాఫీ ఉన్న చోటు, ఇత్తనాలు దింపేసి నీ కాఫీ ఎట్టినాం. ఆయన దగ్గు పట్టుకోలేక బయటికొచ్చాడు. కళ్ళు ఎర్రగా ఉన్నాయి. పొగకే. ఇంకోలా అనుకునేవాళ్ళు అనుకోండి.

సోములు అప్పుడే కూర్చోమన్నాడు. మాలో తగువు వస్తే ఊరి ముందు తేల్చుకుంటాం. ఎవరిది తప్పో వాళ్ళు తప్పు కడతారు. కోడో మేకో తెచ్చి, దేవతకి చూపించి కోసి, వండి, అందరితో కలిసి తినాలి. తిన్నాక ఆ సంగతి మళ్ళీ ఎవరూ ఎత్తకూడదు.

"తప్పు సగం మాదే" అంది అత్త. "ఇత్తనం ఎక్కడుంటాదో ఈ బాబుకి తెల్దని మాకు తోచలేదు. సెప్పలేదు. సగం ఈ బాబుది. సూడకండా సెప్పినాడు. మా సగానికి నాను కోడి కడతాను. ఆయన సగానికి ఆయన కట్టాల. కట్టి, ఆ జర్మనీ వోడికి ఉన్నదున్నట్టు కాయితం రాయాల."

"నేనా?" అన్నాడాయన. నవ్వాడు కూడా. "నేను కోడి కట్టాలా? ఢిల్లీలో మంత్రుల పక్కన కూర్చుని మాట్లాడినవాణ్ణి నేను."

"కూకున్నావు గాని బాబూ, మా పొయ్యి పక్కన ఎప్పుడూ కూకోలేదు."

జీపు వెళ్ళిపోయింది. పదిరోజులకి కంపెనీ వాళ్ళు ఆయన రిపోర్టు నకలు మా ఊరి రైతుల సంఘానికి పంపారు. ఊరి మధ్య నిలబడి చదివి చెప్పాను. అందులో గోడౌనుకి కప్పు లేదన్న ముక్క లేదు. విత్తనంలా దాచమన్న ముక్క లేదు. గిరిజన రైతుల అజాగ్రత్త వల్ల సరుకు పాడైందని, ఈ ఊరి వాళ్ళతో ఇక వ్యవహారం పెట్టుకోవద్దని ఉంది. కింద పదకొండు దేశాలు తిరిగిన సంతకం.

యాభై ఎనిమిది బస్తాలు కావిళ్ళ మీద అరకు దిగాయి. గోపాలకృష్ణ గుప్పెడు తీసి వాసన చూశాడు. "పొగ సరుకు" అని భుజం మీంచి విసిరాడు. ఒకే ఏడాదిలో అన్నదమ్ములిద్దరి విసురూ చూశాం. అత్త మాత్రం దిగలేదు. దిగనంది గనక దిగలేదు. తన వాటా రెండు బస్తాలూ వెనక్కి తోటలోకి మోసుకెళ్ళి చెట్ల మొదట్లో పోసింది.

ఆ ఏడు ఊళ్ళో అత్తతో మాట్లాడని ఇళ్ళున్నాయి. ఒట్టు వేయించింది ఆవిడే కదా. నీళ్ళ దగ్గర ఆడవాళ్ళు ఆవిడ బిందె రాగానే పక్కకి జరిగేవాళ్ళు. అయినా మరుసటేడు తన ఎకరన్నరలో పండే కోసింది, తడికె మీదే ఎండేసింది. వాకిట్లో సున్నం కొట్టి, పొయ్యి లేని చిన్న గది ఒకటి కట్టుకుంది. పిచ్చెక్కిందన్నారు. నేను కూడా అన్నాను.

రెండు వేల అయిదు నవంబరులో దేశాలబాబు మళ్ళీ వచ్చాడు. జీపు లేదు. మెయిన్ రోడ్డు దగ్గర బస్సు దిగి నాలుగు కిలోమీటర్లు నడిచొచ్చాడు. జుట్టు తెల్లబడింది. సంగతేమిటంటే జర్మనీ వాడు మర్చిపోలేదు. ఆ మొదటి శాంపిల్ తేనె వాడి నాలిక మీద ఉండిపోయిందట. అదే ఊరి సరుకు, పొగ లేకుండా, పొగ ఎలా తగిలిందో మళ్ళీ ఎందుకు తగలదో రాతపూర్వకంగా చెబితే తీసుకుంటానన్నాడట. తప్పు మా మీదికి నెట్టి దేశాలబాబు ఉద్యోగం నిలబెట్టుకున్నాడు గానీ, ఆ కంపెనీలో ఇంకా డైరెక్టరు కాలేదు. ఇదే ఆఖరి అవకాశం. మేము వద్దంటే ఆయనకి ఇంకే ఊరూ పనికిరాదు. నాకు ఎంత సంతోషమేసిందో!

"ఇవ్వొద్దత్తా" అన్నాను. "చావనీ."

"నువ్వాగరా" అంది అత్త. ఆయన వైపు తిరిగి, "నీ సగం కట్టలేదు బాబూ" అంది.

ఆయన గొణిగాడు. అది జరిగి రెండేళ్ళు దాటింది కదమ్మా అన్నాడు. తప్పుకి ఏళ్ళు లెక్క లేదన్నాడు సోములు. మర్నాడే దేశాలబాబు మళ్ళీ వచ్చాడు, చేతిలో ఒక ప్లాస్టిక్ సంచి. అందులోంచి కోడిని తీసి అత్త ముందు పెట్టాడు.

తెల్లటి ఫారం కోడి. అరకు బజారులో దుకాణంలో వేలాడదీసే రకం. కింద పెడితే నడవలేక పెట్టినచోటే కూర్చుంది. ఊరంతా చుట్టూ మూగి చూసింది.

"ఇదేటి బాబూ?" అన్నాడు సోములు. "గీరడం రాదేటి దీనికి?"

"రెండు కిలోలుంది. మంచిది" అన్నాడు దేశాలబాబు.

అత్త దాన్ని రెండు చేతులా ఎత్తింది. రెక్క పైకి లేపి, చంకలో ముక్కు పెట్టి వాసన చూసింది. ముఖం చిట్లించింది. మళ్ళీ జాగ్రత్తగా ఆయన సంచిలోనే పెట్టింది.

"మందు వాసన బాబూ. ఇది మా దేవతకి సెల్లదు. తీసుకుపో."

ఎవరు ముందు నవ్వారో తెలియదు. నేను మాత్రం కడుపు పట్టుకుని కింద కూర్చుండిపోయాను. "ఓడ ఎనక్కి తిరిగిపోయిందర్రోయ్!" అని అరిచాడు సోములు. ఆయనకి అప్పుడు అర్థమైంది. చెవులు ఎర్రబడ్డాయి. సంచి పట్టుకుని నాలుగు కిలోమీటర్లు నడిచి, బస్సెక్కి, మొత్తం పదకొండు కిలోమీటర్లూ వెనక్కి పోయాడు. మా నాన్న ఆ రోడ్డు మీద చింతపండు కావిడి వేసుకుని ఎన్నిసార్లు తిరిగాడో లెక్కపెట్టుకుంటూ నేను చూస్తూ కూర్చున్నాను.

శుక్రవారం సంత అయ్యాక వచ్చాడు. ఎర్రపుంజు, నాటుది. సంతలో ఒక ముసలావిడ దగ్గర కొన్నాడట. చంక కింద పెట్టుకుని తెచ్చాడు, చొక్కా అంతా పాడైంది. అత్త తన సగానికి ఒక పెట్టని కట్టింది. రెండూ కోసి ఆవిడ ఇంట్లోనే వండారు. ఆయన తల వంచుకుని గడప దాటాడు, ఈసారి ఎవరూ చెప్పలేదు. పొయ్యి పక్కన కూర్చుని విస్తరాకులో సామన్నం, కోడికూర తిన్నాడు. దగ్గుతూనే తిన్నాడు. నేను దూరంగా కూర్చున్నాను. ఆయన నా వైపు నీళ్ళ ముంత జరిపాడు, తీసుకోలేదు. ఆయనని అత్త క్షమించింది, ఊరు క్షమించింది. మా నాన్న కూడా క్షమించాడేమో. నాకు రాదు.

తిన్నాక కాగితం అడిగింది అత్త. ఆయన రాసి తెచ్చిన ఉత్తరం ఇచ్చాడు. చదివాను. పొరపాటు జరిగింది, ఇక జరగదు అని ఉంది అంతే.

"ఎవడి పొరపాటో లేదత్తా" అన్నాను.

ఆయన నా చేతిలోంచి కాగితం వెనక్కి తీసుకున్నాడు. నా పొరపాటని రాస్తే కంపెనీ నన్ను ఉంచదమ్మా అన్నాడు, నెమ్మదిగా, అత్తతో మాత్రమే. అత్త కట్టెలు ముందుకి తోసింది. చివరికి ఆయన జేబులోంచి పెన్ను తీసి, ఆ కాగితం వెనకే మళ్ళీ రాశాడు. గోడౌను సిద్ధం చేయలేకపోయింది నేను. విత్తనంలా దాచమన్నది నేను. ఈ రైతులు విత్తనాన్ని పొయ్యి మీద అటక మీద దాస్తారని తెలుసుకోనిది నేను. ఇక్కడే పుట్టాను, అయినా తెలుసుకోలేదు. ఈశ్వరమ్మ ఇంటి ముందున్న గదిని నేను స్వయంగా చూశాను, అందులో పొయ్యి లేదు. ఇదీ ఉత్తరం. ఇంగ్లీషులో చదివి, తెలుగులో చెప్పాను. ఎక్కడా తప్పు పట్టలేకపోయాను. పట్టడానికి ప్రయత్నించాను.

ఆ తరవాతి వేసవిలో మా కాఫీ వెళ్ళింది. ముప్పై ఎనిమిది బస్తాలు, అత్తని చూసి మిగతావాళ్ళూ కట్టుకున్న పొయ్యి లేని గదుల్లోంచి. గోనెల మీద పనసగెడ్డ అని కుట్టారు. ఓడకెక్కించడానికి కంపెనీ వేరే కుర్రవాణ్ణి పంపింది. తప్పు తనదేనని కొనేవాడికి రాసిచ్చిన నిపుణుడు ఏ కంపెనీకి కావాలి? దేశాలబాబుని తీసేశారు. పన్నెండో దేశం ఆయనకి లేదు.

రెండు వేల ఎనిమిదిలో ఉప్పు కోసం అరకు వెళ్తే, గోపాలకృష్ణ కొట్టులో గల్లాపెట్టె పక్కన దేశాలబాబు కూర్చుని ఉన్నాడు. అన్నగారు అటు తిరగ్గానే నన్ను పిలిచాడు.

"ఒరే, ఆ గోనెల మీద పేరు కుట్టారు కదా. ఏ రంగు దారం?"

ఆయన ఆ గోనెలు ఒక్కసారి కూడా చూడలేదన్నది నాకు అప్పుడు తట్టింది. ఆ ముప్పై ఎనిమిది బస్తాల కోసం ఉద్యోగం పోగొట్టుకున్నాడు, పేరు కుట్టిన గోనె ఒక్కటీ చూడలేదు.

"ఎరుపు" అన్నాను. అంతకన్నా ఒక్క మాట ఎక్కువ మాట్లాడలేదు. ఉప్పు పక్క కొట్టులో కొనుక్కున్నాను.

తప్పు కట్టి కలిసి తిన్నాక ఆ సంగతి మళ్ళీ ఎత్తకూడదు. నేను ఎత్తాను, మొదటి నుంచి చివరి దాకా ఎత్తాను. ఇది చదివించుకుని అత్త నా మీద తప్పు వేస్తుంది. వేయనీ. కట్టడానికి నాటుకోడినే తెస్తాను.